కొమ్ముల్లేని సైతాను

సొలొమోను గవర్నర్‌పేటలో ఒక ఎరువుల ఆఫీసులో హెడ్ గుమాస్తా. ఆరడుగుల మనిషి, నలగని తెల్లచొక్కా, నూనె రాసి వెనక్కి దువ్విన జుట్టు. ఆదివారం చర్చిలో వాక్యం చదివేది ఆయనే. ఆ గొంతుకు చంటిపిల్లలు కూడా ఏడుపు ఆపేవారు. డెబ్బై ఆరులో కాలేజీ లెక్చరరు తిరుపతిరావు స్నేహితులతో కలిసి సొంతంగా ఒక చిన్న సినిమా తీస్తూ, ఆయన్ని సైతాను వేషం వెయ్యమని అడిగాడు. "కొమ్ములూ తోకా ఏమీ వద్దండీ. సైతాను మనింట్లోనే మనిషిలా తిరుగుతాడని చెప్పాలి. మీరు ఊరికే భోజనానికి కూర్చోండి, చాలు." సొలొమోను కూర్చున్నాడు. భార్య వేషం వేసినామె వడ్డిస్తుంటే ముఖమెత్తి చూడకుండా, కూరగిన్నెను ఒక్క వేలితో పక్కకు నెట్టాడు. తిరుపతిరావు పొంగిపోయి, "అది నేను చెప్పలేదండీ, మీకెలా తట్టింది?" అన్నాడు.

సినిమా వేసిన రోజు హాలంతా చప్పట్లు కొట్టారు. తిరిగి వస్తూ రిక్షాలో భార్య సంపూర్ణమ్మను, "ఎట్లా చేశాను?" అని అడిగాడు. ఆమె రోడ్డు పక్కన కాలువ వైపు చూస్తూ, "చేసిందేముందండీ, మనింట్లో ఉన్నట్టే ఉన్నారు" అంది. కోపంగా అనలేదు, ఉన్నమాట చెప్పినట్టే అంది. ఆయన చెవులు కాలిపోయాయి. రిక్షావాడు విన్నాడేమోనని తల వంచుకున్నాడు. ఇంటికొచ్చాక ఆమె ఎప్పటిలాగే కంచం పెట్టింది. ఆయన చెయ్యి ముందుకు రాలేదు. కంచంలోకే చూస్తూ, "నువ్వు తిన్నావా?" అన్నాడు. సంపూర్ణమ్మ గరిటె పట్టుకునే వెనక్కి తిరిగి చూసింది, గుమ్మంలో ఇంకెవరైనా ఉన్నారేమోనని.