చిలుకూరులో సెట్ అష్టోత్తరం

నేను కాలినడకన చేసిన తప్పుల్లో ఇదే పెద్దది. కూర్చుని చేసినవి ఇంతకంటే పెద్దవి ఉన్నాయి కానీ వాటికి సాక్షులు లేరు. దీనికి ఉన్నారు. వాళ్లలో ఒకాయన ఇప్పటికీ చేవెళ్ల బజారులో నేను ఎదురైతే పలకరించడు, వంగి తన మోకాలు నిమురుకుంటాడు. అంతే. ఆ పలకరింపు నాకు అర్థమవుతుంది.

గుడి చుట్టూ తిరగడంలో తప్పు ఏం జరుగుతుందని మీరు అడగవచ్చు. నేనూ అదే అనుకుని బయలుదేరాను.

మా అక్క బాలమణి నాకంటే పన్నెండేళ్లు పెద్దది. సురంగల్‌లో మాకున్న ఎకరంన్నరలో చామంతి, కొత్తిమీర పండించి నన్ను బి.ఎడ్. దాకా చదివించింది. తను మాత్రం బడి లోపల ఎట్లా ఉంటుందో చూడలేదు. నాకు కొలువు దొరికితే చిలుకూరు గుడి చుట్టూ నూట ఎనిమిది ప్రదక్షిణలు చేస్తానని మొక్కుకుంది. మా వైపు అందరికీ తెలిసిన పద్ధతే: కోరుకునేటప్పుడు పదకొండు, కోరిక తీరాక నూట ఎనిమిది. మొదటి పదకొండు తనే తిరిగి వచ్చింది. చేవెళ్లలో ఒక బడిలో నాకు ఇంగ్లీషు టీచరు కొలువు వచ్చింది. సరిగ్గా ఆ వారమే అక్క కొత్తిమీర మడిలో జారిపడింది. మోకాలు గుమ్మడికాయంత అయింది.

"మొక్కింది నేను. కాళ్లు నీయి," అని తేల్చేసింది.

"సోమవారం చేరాలె అక్కా. నీ మోకాలు తక్కువైనంక నువ్వే తిరుగు. దేవుడు యాడికి పోతడు?"

"దేవుడు యాడికి పోడు. కొలువు పోతది. మొక్కు తీర్వకుంట నువ్వు ఆ బడి గడప తొక్కొద్దు. ఇంకొకటి యాదుంచుకో. ఒక్కటి తక్కువైనా మొక్కు మొక్కు గాదు."

ఇక్కడ నా మరో పిచ్చి గురించి చెప్పాలి. పరీక్షకు చదివే రోజుల్లో ఒక లావు నిఘంటువు తిరగేస్తూ 'సెట్' అనే మాట దగ్గర ఆగిపోయాను. ఇంగ్లీషులో మూడక్షరాల మాట. దాని అర్థాలు మాత్రం పేజీలకు పేజీలు. మనిషి చూస్తే మూడడుగులు, భూములు చూస్తే మూడు ఊళ్లలో అన్నట్టు ఉంది. సూర్యుడు అస్తమించడం సెట్. పెరుగు తోడుకోవడం సెట్. విరిగిన ఎముకను అతకడం సెట్. రంపం పళ్లను పక్కలకు వంచడం కూడా సెట్. సూర్యుడికీ పెరుగుకూ ఏ చుట్టరికమూ లేదు, అయినా ఇద్దరూ ఒకే ఇంట్లో కాపురం ఉంటున్నారు. నాకు అది అద్భుతంగా తోచింది. ఒక నోటుబుక్కు కొని అర్థాలు నంబర్లు వేసి రాసుకున్నాను. నూట ఎనిమిదికి చేరాక ఆపి, అట్ట మీద 'సెట్ అష్టోత్తరం' అని రాశాను. దేవుళ్లకు నూట ఎనిమిది పేర్లు ఉన్నప్పుడు దీనికి నూట ఎనిమిది అర్థాలు ఉండకూడదా అని.

అక్క చామంతులు గంపకెత్తుతుంటే ఒకసారి చదివి వినిపించాను. అంతా విని, "ఇన్ని పనులు ఒక్క మాటనే జేస్తే, కడమ మాటలు కూసొని ఏం జేస్తున్నయిరా?" అంది.

శుక్రవారం పొద్దున్నే ఆటోలో చిలుకూరు చేరాం. చుట్లు లెక్కపెట్టుకోవడానికి ఒకటి నుంచి నూట ఎనిమిది దాకా అంకెలు అచ్చువేసిన చిన్న కార్డు అక్కడ దొరుకుతుంది. ఒక చుట్టు పూర్తికాగానే ఒక అంకె కొట్టేసుకోవాలి. అక్క కార్డూ పెన్నూ నా చేతిలో పెట్టింది.

"నాకెందుకు అక్కా? గీతలు గొట్టుకునుడు చదువు లేనోళ్లకు," అంటూ జేబులో పెట్టుకున్నాను. ఎదుట నిలబడ్డ మనిషికి చదువు లేదన్న సంగతి ఆ క్షణంలో నాకు గుర్తు రాలేదు. నాకు ఉన్న చదువు అటువంటిది. "చుట్టుకో అర్థం జెప్పుకుంట పోత. నూట ఎనిమిది అర్థాలు అయిపోతే నూట ఎనిమిది చుట్లు అయినట్టే. నోటుబుక్కు మొత్తం నోటికి వచ్చు."

"నీ ఇష్టం తమ్మీ," అని అక్క గోడవార నీడ చూసుకుని, కాలు చాపుకుని కూర్చుంది.

మొదటి ముప్పై చుట్లు హాయిగా సాగాయి. అందరూ గోవింద నామం చెప్పుకుంటుంటే నేను మాత్రం "పన్నెండు, ఉంగరంలో రాయి పొదుగుట. పదమూడు, పువ్వు పిందె కట్టుట," అంటూ నడిచాను. ముప్పయ్యో చుట్టు దగ్గర పసుపు చీర కట్టుకున్న ఒకావిడ నా పక్కకు చేరింది. పేరు యాదమ్మ, ఆలూరు నుంచి వచ్చింది. బోరులో నీళ్లు పడ్డందుకు మొక్కు తీర్చుకుంటోంది.

"సారూ, గిది ఏం మంత్రం? నేనెన్నడు ఇనలే."

ఇది మంత్రం కాదు, ఇంగ్లీషు అని చెప్పి ఊరుకుని ఉంటే ఈ కథ ఇక్కడితో ముగిసేది. నేను ఊరుకోలేదు. అష్టోత్తరం సంగతి మొదటినుంచి వివరించాను, నడుస్తూనే.

"అయితే మీరు నంబరు గట్టిగ జెప్పుకుంట పోతరన్న మాట. ఇగ నాకు గీతలెందుకు," అని, ఇరవై రెండు గీతలు పడ్డ తన కార్డును మడిచి కొంగున కట్టుకుంది. "మీ యెంబడే నడుస్త."

ఇంకో అయిదు చుట్లకు ఒక లావుపాటి మనిషి కలిశాడు. చేవెళ్లలో పంపుసెట్ల దుకాణం నడిపే నర్సింలు.

"సెట్ సెట్ అంటున్నరేంది సార్? పంపుసెట్ ఉన్నదా మీ దాంట్ల?"

"ఎందుకు లేదు? యాభై రెండో నంబరు."

ఆయన ముఖం వెలిగింది. "నేను కోరుకునెతందుకు వచ్చిన. పదకొండే. తొమ్మిది అయినయి, రెండే మిగిలినయి. అయినా ఫికర్ లేదు. పంపుసెట్ వచ్చేదాంక మీతోనే తిరుగుత. మా దుకాణం పేరు దేవుని ముంగట ఇనపడాలె."

తా దూర కంత లేదు, మెడకో డోలు అంటారు. నాకు ఒకటికి రెండు డోళ్లు దొరికాయి, రెండూ నడుస్తాయి.

నలభై ఒకటో చుట్టులో నేను "ఉంచుట" అన్నాను.

యాదమ్మ చప్పున, "ముప్పై మూడుల 'పెట్టుట' అన్నరు గద సారూ. ఉంచుడు, పెట్టుడు రెండొకటే గద?" అంది.

నిజమే. పాఠకులారా, పండితుడికి ప్రాణం పోయినా పర్వాలేదు, తప్పు ఒప్పుకోకుండా ఉండలేడు. ఒప్పుకుని ఊరుకోనూ లేడు. "అవునమ్మా, ఒకటే. అయితే ఈ చుట్టు లెక్కలకు రాదు. నలభై ఒకటి మళ్ల తిరుగుదాం," అన్నాను.

అడుగులు వేశాక అవి వేసినట్టే గదా, అర్థం చెల్లకపోతే అడుగు ఎందుకు చెల్లదు అని మీకు తోస్తుంది. నాకు తోచలేదు. చదవేస్తే ఉన్న మతి పోతుందంటారు. నాకు అంకెలు కూడా పోయాయి.

అప్పటి నుంచి యాదమ్మ కాపలా కాసింది. "నిలుపుట" కొట్టేసింది. "అమర్చుట", "సర్దుట" ఒకదాన్నొకటి పట్టిచ్చాయి. చుట్టు తిరగడం, అది చెల్లదనుకోవడం, మళ్లీ తిరగడం. నర్సింలు తువ్వాలతో మెడ తుడుచుకుంటూ, "సార్, పంపుసెట్ ఎంత దూరం ఉన్నది?" అని చుట్టుకోసారి అడిగాడు, బస్సులో పసిపిల్లవాడు ఊరు గురించి అడిగినట్టు.

చివరికి ఆ శుభఘడియ వచ్చింది. నేను గొంతు సవరించుకున్నాను. "యాభై. గాజుల సెట్. యాభై ఒకటి. టీకప్పుల సెట్." తర్వాతి చుట్టు మొదలైంది. "యాభై రెండు. పంపుసెట్."

నర్సింలు రెండు చేతులూ జోడించాడు.

"సారూ," అంది యాదమ్మ.

"ఏందమ్మా?"

"గాజులు, కప్పులు, పంపులు. అన్నీ సామాన్ల జతలే గద. ఒకటే అర్థమాయె."

ఆమె చెప్పింది అక్షరాలా సరి. "అవును. మూడు కలిపి ఒకటే."

"అంటే పంపుసెట్ ఎగిరిపోయిందా సార్?" నర్సింలు గొంతులో నిజమైన బాధ ఉంది.

"గాజుల సెట్ల కలిసిపోయింది."

"నేను గాజుల కోసం తిరగలే సార్. నా మోకాళ్లు జూడున్రి."

అతన్ని సముదాయించడానికి, విడిగా నిలబడే పంపుసెట్ అర్థం ఏదైనా ఉందేమోనని నోటుబుక్కంతా మనసులో వెనక్కి తిప్పాను. వెనక్కి తిప్పుతూ ముందుకు నడిచాను. ఇంకో పది చుట్లో, ఇరవై చుట్లో గడిచాయి. ఇప్పుడు ఎన్నోది అని యాదమ్మ అడిగితే వేళ్లు మడిచి చూసుకున్నాను. యాభై కావచ్చు. డెబ్బై కావచ్చు. నోటుబుక్కులో నూట ఎనిమిది అర్థాలూ నా తలలో భద్రంగా ఉన్నాయి, నేనెక్కడ ఉన్నానో చెప్పే అర్థం ఒక్కటీ లేదు.

ముగ్గురం అక్క ముందు ఆగిపోయాం. అక్కకు అబద్ధం చెప్పి నూట ఎనిమిది అయ్యాయనవచ్చు. కానీ ఒక్కటి తక్కువైనా మొక్కు మొక్కు కాదు. తక్కువ మొక్కుతో సోమవారం ఆ గడప తొక్కానని ఎప్పటికైనా బయటపడితే, ఆ కొలువులో నాకు దగ్గొచ్చినా తప్పు నాదేనని తను నమ్మదు, తనదేనని కుమిలిపోతుంది.

"అక్కా, లెక్క తప్పింది. మళ్ల ఒకటి కెల్లి మొదలువెడత."

"ఎందుకురా? పదకొండే గద మిగిలినయి."

అప్పుడు చూశాను. అక్క ఒడిలో కొంగు పరిచి ఉంది. ఎడమ పక్క చింతగింజల కుప్ప, కుడి పక్క కొన్నే గింజలు. ఇంట్లోనే అయిదు ఇరవైలు, పైన ఎనిమిది లెక్కపెట్టి కొంగున ముడేసుకుని వచ్చింది. నేను ఎదుటి నుంచి పోయిన ప్రతిసారీ ఒక గింజను కుడి నుంచి ఎడమకు జరిపింది.

"తొంభై ఏడు అయినయి. నడువు."

యాదమ్మ అక్క పక్కన కూలబడింది. "అక్కా, మరి నావి?"

"నీ కార్డుమీద ఎన్ని గీతలున్నయి?"

"ఇరవై రెండు."

"మా తమ్ముని పక్కకు నువ్వు వచ్చినప్పుడు ముప్పై గింజలు జరిపిన. తొంభై ఏడుల ముప్పై తీస్తే అరవై ఏడు. నీ ఇరవై రెండు కలుపు. ఎనభై తొమ్మిది. ఇంక పందొమ్మిది తిరుగు."

బి.ఎడ్. పక్కనే నిలబడి చేతులు కట్టుకుని విన్నది.

"అమ్మా, నా సంగతి?" అన్నాడు నర్సింలు.

"నువ్వు ముప్పై అయిదు కాడ కలిసినవు గద. ముందటియి ఎన్ని?"

"తొమ్మిది."

"డెబ్బై ఒకటి తిరిగినవు బిడ్డా."

"పదకొండు మొక్కినోన్ని," అన్నాడు నర్సింలు, నా వైపు చూడకుండా.

"ఎక్కువైతే ఏం గాదు. తక్కువైతేనే ఫికర్. ఇంతకు ఏం కోరుకున్నవు?"

"మా పిలగానికి సంబంధం సెట్ గావాలని అమ్మా."

నేను గోడకు ఆనుకున్నాను. ఊరంతా రోజూ వాడే ఆ అర్థం నా నూట ఎనిమిదిలో లేదు.

జేబులోంచి కార్డు తీసి, మిగిలిన పదకొండూ నోరు మూసుకుని గీతలు కొడుతూ తిరిగాను. తిరుగు ఆటోలో అక్కను అడిగాను. "గింజలు ఎందుకు తెచ్చుకున్నవు?"

"నీ సంగతి నాకెరుక గాదా?"

"లెక్క తప్పుతుంటే ఆపొచ్చు గద."

"నీకు తప్పింది. నాకు తప్పలే. ఇగ ఆపుడెందుకు?"

సోమవారం బడిలో చేరాను. ఆ కొలువు ఇప్పటికీ ఉంది.

నిరుడు వానాకాలంలో అక్క పోయింది. దినాలు అయ్యాక తన పెట్టె సర్దుతుంటే చీరల అడుగున ఒక గుడ్డమూట దొరికింది. విప్పితే చింతగింజలు. ఇన్నేళ్లు దాచింది. నేల మీద పోసి లెక్కపెట్టాను. నూట ఏడు. మళ్లీ లెక్కపెట్టాను. మూడోసారి కాగితం మీద గీతలు కొడుతూ లెక్కపెట్టాను. నూట ఏడే. ఒకటి ఆటోలో జారిపోయిందో, ఎలుక ఎత్తుకుపోయిందో, అయిదు ఇరవైల దగ్గర అక్కకే ఒకటి తప్పిందో నాకు తెలియదు. అడగడానికి తను లేదు. ఒక్కటి తక్కువైనా మొక్కు మొక్కు కాదన్న మాట మాత్రం ఉంది.

మర్నాడు పొద్దున చిలుకూరు వెళ్లాను. కార్డు తీసుకున్నాను. నోరు మెదపకుండా ఒక్క చుట్టు తిరిగి, ఒకటో అంకె మీద ఒక గీత కొట్టి బయటికి వచ్చాను. చెప్పులు చూసుకునే ముసలాయన కార్డు వైపు చూశాడు.

"ఒక్కదానికి కార్డెందుకు సారూ?"

"నాకు లెక్క రాదు తాతా," అన్నాను.

కాబట్టి మీ అందరి ఎదుటా ప్రమాణం చేస్తున్నాను. ఇకమీద నేను ఏ దేవుడి చుట్టూ తిరిగినా నిఘంటువు ఇంట్లోనే ఉంటుంది. దారిలో ఎవరు ఏ మాటకు అర్థం అడిగినా నేను మూగవాణ్ణి. పంపుసెట్ గురించి అడిగితే చెవిటివాణ్ణి కూడా. ఆ ఒక్క చుట్టు తిరిగిన రోజు ఇంటికి వచ్చి, వంటింట్లో చింతపండు డబ్బాలోంచి ఒక గింజ తీసి అక్క మూటలో వేశాను. ఇప్పుడు అందులో నూట ఎనిమిది ఉన్నాయి. ఎవరికైనా అనుమానం ఉంటే వచ్చి మీరే లెక్కపెట్టుకోండి. నా మాట మీద మాత్రం నమ్మకండి.