తువ్వాలు కింద మా అన్న చెయ్యి

దయ్యాలంటే నాకు ఏనాడూ భయం లేదు. చిరాకు మాత్రం ఉండేది. పిల్లి ఎదురైందనో, అమావాస్య అనో పత్తి బండి కట్టకుండా కూర్చునేవాళ్ళతో నేను ఆదోని వీధుల్లో ఎన్నిసార్లు గొడవపడ్డానో లెక్కలేదు. గాలి సోకిందనీ, పూనకం వచ్చిందనీ ఎవరైనా చెబితే ముఖం మీదే నవ్వేవాణ్ని. ఇప్పటికీ నవ్వుతాను. ఒక్క విషయంలో మాత్రం నవ్వు రాదు.

అది రెండో ప్రపంచ యుద్ధం నడుస్తున్న కాలం. మాది పత్తి వ్యాపారం చేసే ఇల్లు. నాన్న పోయాక మా అన్న వెంకటప్పే కొట్టు నడిపేవాడు. నేను ఆయన దగ్గరే పని నేర్చుకున్నాను.

మా మార్కెట్లో బేరం నోటితో జరగదు. కొనేవాడూ అమ్మేవాడూ చేతులు కలిపి, పైన తువ్వాలు కప్పుకుంటారు. లోపల ఒకరి వేళ్ళు ఒకరు పట్టుకుని ధర చెప్పుకుంటారు. చుట్టూ ఎంతమంది నిలబడ్డా ఒక్కరికీ తెలియదు. బేరం వద్దనుకుంటే ఎదుటివాడి బొటనవేలిని మడిచి, అరచేతిలోకి గట్టిగా అదిమి వదిలేస్తారు. ఇక ఆ సరుకు మాట ఎత్తకూడదు. తువ్వాలు కింద చెప్పిన మాటను కాదన్న మనిషికి మార్కెట్లో మంచినీళ్ళు కూడా పుట్టవు.

ఆ విద్యలో అన్నను మించినవాడు లేడు. వయసులో ఉండగా పత్తి గింజలు తీసే జిన్నింగు మిషన్లో పడి ఆయన కుడి ఉంగరపు వేలి కొస తెగిపోయింది. ఆ మొండివేలు తగిలితే చాలు, చూడకుండానే ఇది వెంకటప్ప చెయ్యి అని పట్టేసేవాళ్ళు. ఎంత పట్టుదల ఉన్న రైతైనా ఆ చెయ్యి పట్టుకుంటే మెత్తబడేవాడు. ఆయన ఎవరినీ మోసం చేయడని అందరికీ తెలుసు.

ఒక వానాకాలం ఊళ్ళో విషజ్వరాలు వచ్చాయి. ఇంటికొకరు పడ్డారు. నేనూ పడ్డాను, లేచాను. అన్నకు జ్వరమైతే తగ్గింది కానీ నిద్ర పట్టుకుంది. మొదట్లో ముద్ద చేతిలో ఉండగానే కునుకు తీసేవాడు. మేము నవ్వేవాళ్ళం. తర్వాత ఎంత లేపినా కళ్ళు తెరవడం మానేశాడు. వదిన ఆయన తల ఒళ్ళో పెట్టుకుని గంజి పోస్తే మింగేవాడు, అంతే. దసరా పోయింది, దీపావళి పోయింది, కొత్త పత్తి మార్కెట్టుకు వచ్చింది. అన్న మాత్రం లేవలేదు.

సర్కారు డాక్టరు వచ్చి రెప్పలెత్తి చూశాడు. కొన్ని జ్వరాలు తలకెక్కి, మెదడులో నిద్రను నడిపే చోటును పాడుచేస్తాయన్నాడు. వెనకటి యుద్ధం రోజుల్లో తెల్లవాళ్ళ దేశాల్లో ఇలాగే నెలల తరబడి నిద్రపోయినవాళ్ళు ఉన్నారట. అది భూతద్దానికి కూడా కనబడని పురుగు వల్ల కావచ్చట. మందు ఉందా అని అడిగితే లేదన్నాడు. లేపడానికి మొరటు పనులేవీ చేయవద్దని మాత్రం గట్టిగా చెప్పి వెళ్ళాడు.

వైరస్ అనే మాట నేను చాలా ఏళ్ళ తర్వాత విన్నాను. కొన్ని వైరస్ జ్వరాల తర్వాత నిద్ర చెడిపోవచ్చనీ, మా అన్నకు జరిగింది అదే అయి ఉండొచ్చనీ ఇప్పటి డాక్టర్లు కూడా అంటున్నారు. ఖాయంగా చెప్పమంటే తల గోక్కుంటారు. సరే, నిద్ర సంగతి వాళ్ళకే వదిలేస్తాను. నాకు అర్థం కానిది వేరే ఉంది.

మా మేనమామది కోడుమూరు. ఆయనా పత్తి వ్యాపారే. తుగ్గలి వైపు ఒక పల్లెలో, వాతలు పెట్టి ఎంతటి గాలినైనా వదిలించేవాడు ఉన్నాడని ఆయన అమ్మ చెవిన వేశాడు. ఎర్రగా కాల్చిన కడ్డీతో నుదుటి మీద, మెడ వెనక, రెండు అరికాళ్ళకూ పెడతారట. నోరు తెరిచి అరవలేని మనిషికి! నేను ఇల్లు ఎగిరిపోయేట్టు కేకలు వేశాను.

"నీకొక్కనికేనా వాడు? నేను కనలేదా? వాడట్ల పడుంటే నేనెట్ల సూస్తా కూసోవాల?" అని అమ్మ ఏడ్చింది. అమ్మది ప్రేమే. నాకు భయమంతా ఆ ప్రేమను చూసే.

మాఘమాసంలో ఒక రోజు బేరం మీద ఎమ్మిగనూరు వెళ్ళాల్సి వచ్చింది. నేను లేని రోజు కోసమే అమ్మా మామా కాచుకున్నారని నాకు తెలియదు.

పట్టపగలు. మంచి ఎండ, చుట్టూ జనం. నేను కడుపునిండా తిని ఉన్నాను, ఒంట్లో జ్వరం లేదు, తాగే అలవాటు అసలే లేదు. ఇవన్నీ ఎందుకు చెబుతున్నానంటే, తర్వాత అందరూ అడిగినవి ఇవే. ఆ ఊరి వ్యాపారి ఒకాయనతో చేతులు కలిపి తువ్వాలు కప్పుకున్నాను. ఆయనవి పొట్టి వేళ్ళు, మెత్తటి చెయ్యి. ఆయన ధర చెప్పాడు. నేను ఆలోచిస్తున్నాను.

ఉన్నట్టుండి నా చేతిలో ఉన్న చెయ్యి మారిపోయింది. పొడుగాటి వేళ్ళు. చాలాకాలం మంచాన పడిన మనిషికి ఉండే చల్లదనం. నా మణికట్టుకు మొండివేలు తగిలింది. ఆ చెయ్యి నా బొటనవేలిని మడిచి, నొప్పి పుట్టేట్టు అదిమి వదిలేసింది.

తువ్వాలు లాగేశాను. ఎదురుగా ఆ వ్యాపారి చెయ్యే ఉంది, ఐదు వేళ్ళూ నిండుగా. నా ముఖం చూసి ఆయన బెదిరిపోయాడు.

"ఏమాయప్పా? ధర సెప్పి ఊరికే పట్టుకోనుండా. ఒద్దని నేను యాడ అన్నాను?" అన్నాడు.

ఇంట్లో అన్నను ఏదో చేస్తున్నారనిపించి బస్సు దగ్గరికి పరుగెత్తాను. పెట్రోలు దొరకని రోజులు, అది బొగ్గుతో నడిచే బస్సు. మిట్ట వచ్చిన చోటల్లా దిగి తోశాం. తోస్తూ ఆ బస్సునూ, డ్రైవరునూ, యుద్ధం తెచ్చినవాళ్ళనూ కలిపి తిట్టాను. తిట్టకపోతే ఏడ్చేవాణ్ని.

ఇల్లు చేరేసరికి దీపాలు పెట్టే వేళ అయింది. లోపల కుంపటి రాజుకుంటోంది, అందులో కడ్డీ ఎర్రబడుతోంది. వాతలు పెట్టేవాడు మాత్రం ఇంకా విస్తరి ముందే ఉన్నాడు. అది మా వదిన చేసిన పని. అత్తకు ఎదురు చెప్పే నోరు ఆమెకు లేదు. అందుకని దూరం నుంచి వచ్చిన మనిషి ఓళిగలు తినకుండా పని మొదలుపెడితే ఇంటికి మంచిది కాదని పట్టుబట్టి, అప్పుడు పప్పు నానబోసిందట. అది నానాలి, ఉడకాలి, రుబ్బాలి. తర్వాత ఒక్కొక్క బొబ్బట్టే కాల్చి వడ్డిస్తూ పొద్దంతా గడిపేసింది. ఆ తల్లికి ఇవాళ్టికీ దండం పెడతాను.

మేనమామ నాకు అడ్డం వచ్చాడు. "జరుగప్పా. వానికి తెలివుంటే కదా నొప్పి తెల్సేది."

నేను భుజం మీది తువ్వాలు తీసి అన్న కుడిచేతి మీద కప్పాను. "తెలివుందో లేదో నువ్వే అడుగు మామా. వాత పెట్టాల్నా ఒద్దా, సెయ్యి పెట్టి అడుగు."

ఆ మాట నా నోట ఎలా వచ్చిందో తెలియదు. అన్ని నెలల్లో ఎవరికీ ఆ ఆలోచన తట్టలేదు. మామ పిచ్చివాణ్ని సముదాయిస్తున్నట్టు తువ్వాలు కింద చెయ్యి పెట్టాడు. అన్న ముఖంలో ఏ మార్పూ లేదు. రెప్ప కదల్లేదు. తువ్వాలు మాత్రం కొంచెం కదిలింది.

మామ ముఖం పాలిపోయింది. చెయ్యి తీసుకుని తన బొటనవేలు చూసుకున్నాడు. అమ్మ వైపు తిరిగి, "బేరం ఒద్దన్నాడక్కా," అన్నాడు. ఎంత మొండివాడైనా ఆయనా వ్యాపారే, తువ్వాలు కింద వచ్చిన మాటను దాటలేడు. తనే లేచి కుంపట్లో చెంబెడు నీళ్ళు పోశాడు. అమ్మ అన్న అరికాళ్ళను ఒళ్ళో పెట్టుకుని, నిమురుతూ చాలాసేపు ఏడ్చింది.

ఎండలు ముదిరేసరికి అన్న మెల్లగా లేచాడు. నిద్ర మాత్రం ఆయనను పూర్తిగా వదల్లేదు. రాత్రంతా మేలుకుని, పగలు మాట మధ్యలో తల వాల్చేసేవాడు. అయినా మళ్ళీ మార్కెట్టుకు వచ్చాడు. బేరం సగంలో ఉండగా గురక పెట్టేవాడు, చెయ్యి మాత్రం తన పని తాను చేసేది. నవ్వుదామని వచ్చినవాళ్ళు కూడా చివరికి లేచి నమస్కారం పెట్టి వెళ్ళేవాళ్ళు. అలాంటి మనిషికి తమ్ముణ్ని అయినందుకు నాకు ఎంత గర్వమో చెప్పలేను.

లేచిన కొత్తలో ఒకసారి అడిగాను, ఆ రోజు నీకు భయం వేయలేదా అని. అన్నీ వినబడ్డాయన్నాడు. అమ్మ ఏడుపు, మామ మాటలు, బొగ్గులు చిటపటమనడం. రెప్పలే ఎత్తలేకపోయాడట.

"భయమెందుకు తమ్ముడా? నా సెయ్యి పట్టుకోని, వస్తాండా, ఆగు అంటివి కదా. ఆగితిని," అన్నాడు. అని, అలాగే గోడకు ఆనుకుని నిద్రపోయాడు.

నేను ఆ మాట అన్నట్టు నాకు గుర్తు లేదు. ఎంత వెనక్కి వెళ్ళి తలుచుకున్నా, ఆ చెయ్యి నన్ను అదిమి వదిలేయడం, నేను తువ్వాలు లాగేయడం తప్ప ఇంకేమీ గుర్తు రాదు. నా చెయ్యి నాకు తెలియకుండా ఏం చెప్పిందో, అది ఎమ్మిగనూరు నుంచి ఆదోనికి ఎలా చేరిందో ఈ వయసులో కూడా చెప్పలేను. తెలిసిందల్లా ఒక్కటే. కడ్డీ కాలుతున్నంతసేపూ మా అన్న భయపడకుండా పడుకున్నాడు.