ఆమె పేరు పక్కన నంబరు

కూచిపూడి దాటగానే విజయవాడ ఆసుపత్రి నుంచి ఫోను వచ్చింది. నా భార్యను ఆపరేషన్‌కు తీసుకెళ్లాలంటే, ప్రభుత్వ ఆరోగ్య కార్డులో ఆమె మెంబరు నంబరు వెంటనే చెప్పాలట. బస్సు నిండా ఒకప్పుడు మా పొలాల్లో పనిచేసినవారి పిల్లలే. పేదలకిచ్చే ఆ కార్డును వాళ్ల ముందు తీయడానికి నాకు చెయ్యి రాలేదు.

"త్వరగా చెప్పండి సార్, డాక్టరుగారు వెయిట్ చేస్తున్నారు!" అన్నాడు ఫోనులో అతను.

చివరికి తీశాను. బస్సు కుదుపులకు అంకెలు అలుక్కుపోయాయి.

పక్కన కూర్చున్న చేపలమ్మే ఆవిడ కార్డు, ఫోను రెండూ లాక్కుంది.

"ఇదిగో, మా అక్క పేరు పక్కనే ఉంది. రాసుకో బాబూ," అని బస్సంతా వినపడేలా చదివింది. "నేనా? చెల్లెల్ని!"

నావైపు చూడకుండానే కార్డు నా సంచిలో పెట్టి, పటమటలో దిగిపోయింది.

తోబుట్టువులెవరూ లేని నా భార్య, స్పృహ వచ్చాక, నంబరు ఎవరు చెప్పారని అడిగింది.

"నీ చెల్లెలు," అన్నాను.