నా తాగుడు మానాలని ప్రార్థన

ముప్పై ఏళ్లుగా సినిమాల్లో, ఇప్పుడు టీవీలో చిన్నాచితకా వేషాలు వేస్తున్నాను. షూటింగ్ లేదని ఉదయగిరి వచ్చి, ఈ ఉదయం చిన్నమ్మతో చర్చికి వెళ్లాను. పాస్టరుగారు ప్రార్థన మనవులు ఉంటే చెప్పమన్నారు. చిన్నమ్మ లేచి నిలబడింది.

“మావోడు తాగుడు మానాల. అందరూ ప్రార్థన చెయ్యండి” అంది.

చర్చి మొత్తం మోకరించింది. నేనూ మోకరించాను, ఇంకేం చేయను!

నేను జన్మలో చుక్క ముట్టినవాణ్ణి కాదు. సీరియల్లో తాగుబోతు తండ్రి వేషం వేస్తున్నాను, అంతే. బయటికి వచ్చాక అదే చెప్పాను.

“అది యాక్షన్ చిన్నమ్మా.”

“నాకు చెప్పొద్దురా. మీ నాయన తాగొచ్చి గడప కాడ నిలబడినట్టే నిలబడినావు. తాగనోడికి అది యాడినుంచి వస్తది?”

నాయన దగ్గర్నుంచే వచ్చింది. ఇన్నేళ్లలో ఏ డైరెక్టరూ నన్ను ఇంతగా మెచ్చుకోలేదు.

సాయంత్రం నుంచి కాలు నిలవడం లేదు. నెల్లూరు బస్సు ఎక్కబోయి రెండుసార్లు వెనక్కి వచ్చాను. చిన్నమ్మేమో “పొద్దుటి నుంచి ముట్టలేదు, దేవుడు విన్నాడు” అని వీధంతా చెబుతోంది. వచ్చే వారం ఎపిసోడ్‌లో ఆ తాగుబోతు తాగి తాగి చచ్చిపోతాడు. ఆ షూటింగ్ ఎప్పుడో అయిపోయింది.

మీరైతే ఈ సంగతి చెప్పేసి బస్సెక్కుతారా, ఆమె పక్కన కూర్చుని ఆ చావు చూస్తారా?