గుర్రం మీంచి పడిన మనిషి

ఇన్నేళ్లుగా ఈ సంగతి నాతోనే తిరుగుతోంది. నా భార్యకు కూడా చెప్పలేదు. మీరెవరో తెలియదు కాబట్టే చెప్పగలుగుతున్నానేమో. ఒక మనిషి ముఖాన్ని నేను చెరిపేశాను.

రెండు వేల ఎనిమిది ప్రాంతంలో మస్కట్లో, రూవిలో ఒక వీడియో షాపులో పనిచేసేవాణ్ణి. పాత క్యాసెట్లను సీడీల్లోకి ఎక్కించడం, శుక్రవారం మాత్రమే సెలవు దొరికే మన ఆడవాళ్ల కోసం తెలుగు సీరియళ్లు రికార్డు చేసి పెట్టడం నా డ్యూటీ. పక్క సందులో కడప మస్తాన్ చాచా టైలరు. డెబ్బై దగ్గరపడినా మిషను వదల్లేదు. ఆయన ఒకరోజు చొక్కా గుడ్డలో చుట్టి ఒక క్యాసెట్టు తెచ్చాడు.

ఆయన తండ్రి బొంబాయి మూకీ సినిమాల్లో వేషాలు వేసేవాడట. హీరో వెనక భటుడు, విలన్ పక్కన దొంగ, ఎప్పుడూ గుర్రం మీంచి పడేవాడు. ప్రతి సినిమాలో ఒక్కసారి కెమెరా వైపు చూసేవాడట, ఊళ్లోవాళ్లు గుర్తుపట్టాలని. డైరెక్టరు తిట్టినా మానలేదట. టాకీలు వచ్చాక నోరు విప్పితే కడప యాస. వేషాలు ఆగిపోయాయి. చాచా తల్లి కడుపులో ఉండగానే ఆ తండ్రి పోయాడు. ఇంట్లో ఒక్క ఫోటో లేదు. ఆ సినిమాల్లో మిగిలిన ఒకే ఒక్క ముక్కను బొంబాయిలో ఎవరో కాపీ చేసి పంపారు. పంపినాయన పోయాడు, అసలు రీలు పొడైపోయింది. చాచా దగ్గర ఆ క్యాసెట్టు చూసే మిషను లేదు. శుక్రవారం నమాజయ్యాక వచ్చి చూస్తానన్నాడు.

బాగుందో లేదోనని నేను మాత్రం కొంచెం తిప్పి చూశాను. కోట గుమ్మం. దుమ్ము. గుర్రం మీంచి ఒకడు పడ్డాడు, లేచి ఇటు తిరిగాడు. అప్పుడే ఎవరో రేటడిగితే తల తిప్పాను. క్యాసెట్టు మిషన్లోనే ఉండిపోయింది. సాయంత్రం సీరియల్ టైముకి అలవాటుగా రికార్డు బటన్ నొక్కాను.

మర్నాడు వేస్తే తెర మీద సీరియల్లో ఆవిడ ఏడుస్తోంది. ముందుకు తిప్పాను. ఏడుస్తోంది. వెనక్కి తిప్పాను. ఏడుస్తోంది. ఒక మనిషి జీవితమంతా గుర్రాల మీంచి పడి సంపాదించుకున్నది నా వేలి కింద పోయింది.

చెప్పొచ్చు కదా? చెప్పలేదు. ఇంటర్నెట్లో ఎక్కడెక్కడి మూకీల్లోనో వెతికాను. గుర్రం మీంచి పడేవాడు కావాలి. పడి ఇటు చూసేవాడు కావాలి. దొరికాడు. ఆ ముక్కను సీడీలోకి ఎక్కించాను. చెరపడం పొరపాటు. వెతకడం పొరపాటు కాదు, తెలిసి చేసింది.

శుక్రవారం చాచా కొత్త చొక్కాలో వచ్చాడు.

"ఏంటి చాచా, పెళ్లికా?" అన్నాను. మామూలుగా కనపడాలని అన్న మాట అది.

"మా నాయనను చూసేదానికబ్బీ. చినిగిన చొక్కాతో పోతారా? యాడొస్తాడో చెప్పు."

తెర మీద ఎవడో పడ్డాడు. లేచాడు. ఇటు చూశాడు.

"ఆపు! ఆపబ్బీ!" చాచా తెర దాకా వంగాడు. "చెవులు చూడు. నా చెవులే. నాయన చెవులే నీకొచ్చినాయనేది మా యమ్మ, అబద్ధం చెప్పల్యా. నన్నే చూస్తాండాడు."

"అవును చాచా," అన్నాను. "అచ్చం మీలాగే ఉన్నారు."

నా నోటి నుంచే వచ్చిందా ఆ మాట? ఇప్పటికీ ఉలిక్కిపడతాను. ఇంకా భయం వేసేదేమిటంటే, ఆ చెవులు నాకూ ఆయనవిలాగే కనిపించాయి.

ఆ బొమ్మను ఫోటో తీయించి చాచా తన కుట్టుమిషను పైన తగిలించాడు. ప్యాంటు కొలతలిచ్చే ప్రతివాడికీ చూపించేవాడు. కడప వెళ్లిపోతూ బట్టల మధ్య పెట్టి తీసుకెళ్లాడు. ఇప్పుడు ఆయన లేడు. ఫోటో ఆ ఇంట్లోనే ఉందట, మనవళ్లకు ముత్తాతగా.

ఆ అసలు ముఖాన్ని చూసినవాళ్లలో నాకు తెలిసి మిగిలింది నేనొక్కణ్ణే. కళ్లు మూసుకుని ఆ కోట గుమ్మం దగ్గరికి వెళ్తాను. గుర్రం వస్తుంది. మనిషి పడతాడు, లేస్తాడు, ఇటు తిరగబోతాడు. అంతలో సీరియల్లో ఆవిడ వచ్చి ఏడుస్తుంది.

ఆ ఫోటోలో ఉన్నది మస్తాన్ చాచా తండ్రి కాదు. ఈ ఒక్క వాక్యం రాయడానికి ఇన్నేళ్లు పట్టింది.