రెండో పాళెగాడు

కరోనా తగ్గి ఊళ్ళలో మళ్ళీ స్టేజీలు లేచిన ఏడాది సంగతి. మదనపల్లెలో హార్మోనియం వాయిస్తూ, అడిగిన ఊరివాళ్ళకు పద్యనాటకాలు నేర్పడం నా పని. పుంగనూరు దగ్గరి ఒక ఊరి బృందానికి నేను రాసిన నాటకమే ఇచ్చాను. అన్నను తరిమేసి కోట దక్కించుకుని, చివరికి ఆ కోటలోనే చచ్చే పాళెగాడి కథ అది.

మా నాటకాల్లో నాయకుడి వేషం అందరికీ కావాలి. అందుకని అంకానికొకరు కడతారు. మొదటి పాళెగాడు మీసం తిప్పి ఈలలు కొట్టించుకుంటాడు. మూడోవాడు చచ్చి ఏడిపిస్తాడు. రెండోవాడికి గద్దె మీద ఒంటరిగా కూర్చోవడం తప్ప ఏమీ లేదు. ఆ వేషాన్ని బృందంలోని రెడ్డెప్ప అడిగి మరీ తీసుకున్నాడు.

అన్నతో కలిసి పెట్టిన పాల డెయిరీని రెడ్డెప్ప ఒక్కడే చేజిక్కించుకున్నాడని ఊళ్ళో చెప్పారు. అన్న కుప్పం వెళ్ళిపోయాడు. మాటల్లేవు. రెడ్డెప్ప రిహార్సల్‌కు అందరికంటే ముందొచ్చేవాడు, అయిపోయినా కదిలేవాడు కాదు.

"ఇంట్లో ఎవురుండారు మాస్టరూ, పోయి సేసేదేముండాది?" అనేవాడు.

కుప్పంలో ప్రదర్శన కుదిరింది. అన్న ఫోన్ ఎత్తకపోతే రెడ్డెప్ప మనిషి చేత కబురు పంపాడట.

"మాయన్న వస్తాడంటారా మాస్టరూ?"

"నువ్వు ముందు పద్యం తాళం తప్పకుండా పాడు" అన్నాను. నా నోరు అంతే.

రెండో అంకం చివర సేవకుడొచ్చి, "ప్రభూ, మీ అన్నగారు వాకిట్లో ఉన్నారు. రమ్మనమంటారా?" అని అడుగుతాడు. పాళెగాడు "నేను లేనని చెప్పు" అనాలి. కర్టెన్ పడాలి.

కుప్పంలో ఆ రాత్రి సేవకుడు అడిగాడు. రెడ్డెప్ప జనంలో వెతుకుతున్నాడు. నేను శ్రుతి సాగదీస్తూ కూర్చున్నాను.

"రమ్మను" అన్నాడు.

అన్న వేషగాడి పని మొదటి అంకంతోనే సరి. రంగు కడుక్కుని భోజనానికి వెళ్ళిపోయాడు. తెర వెనక మూడో పాళెగాడు, "ఆయప్ప వచ్చేస్తే నేనెట్ల సచ్చేది మాస్టరూ?" అని గొణుగుతున్నాడు.

రెడ్డెప్ప గద్దె దిగి వింగ్ వైపు, అంటే వేషాలు లోపలికొచ్చే పక్కదారి వైపు చూస్తూ నిలబడ్డాడు. ఎవరూ రాలేదు. జనం కూడా అటే చూస్తున్నారు.

"పోయినట్టుండాడు" అన్నాడు మెల్లగా. తిరిగి వెళ్ళి గద్దె మీద కూర్చున్నాడు. నేను కర్టెన్‌కు సైగ చేశాను.

తర్వాత కొబ్బరినూనెతో రంగు తుడుచుకుంటూ, "నాటకం సెడగొట్టినా మాస్టరూ. ఆడ కూసున్నాడేమో అనుకుంటి" అన్నాడు. తిట్టాలనే వెళ్ళాను. నాకే ఏడుపొచ్చింది.

ఆ అన్న ఇప్పటికీ ఫోన్ ఎత్తలేదు. నడిమి అంకమంటే చావు సీనుకు దారి వేసేదని ఇన్నేళ్ళూ నేర్పాను. మనిషి చెడిపోయేది అక్కడేనని, పిలిస్తే వచ్చేవాణ్ణి పిలవకుండా కూర్చున్న చోటేనని రెడ్డెప్పను చూశాకే తెలిసింది. ఇప్పుడు ఏ ఊరికి నేర్పినా ఆ చోట "రమ్మను" అనే రాసిస్తున్నాను. ఎవరూ రారని రాసింది నేనే. అయినా ఆ మాట వినపడగానే హార్మోనియం మీద వేళ్ళు ఆగిపోతాయి, పక్కదారి వైపు చూస్తాను.