గుమ్మం దాటని చీనావాడు

స్టీల్‌ప్లాంటు ఇంకా కడుతున్న రోజులవి. పోర్టులో నాకు గుమాస్తా పని కొత్త. రంగం నుంచి వచ్చినవాళ్లు ఎవరైనా ఉన్నారా అని ఒక చీనా నావికుడు సైగలతో అడుగుతున్నాడంటే గేటు దగ్గరికి వెళ్లాను. చంటిపిల్లాడిగా ఓడెక్కి వచ్చిన నాకు బర్మా భాష రాదు, అతనికి అది తప్ప రాదు. అయినా మా పెద్దమ్మ పేరు చెప్పాడు. వెంటనే కంచరపాలెం బర్మా క్యాంపులో మా ఇంటికి తీసుకొచ్చాను.

రంగం అంటే రంగూన్. తెల్లదొరల కాలంలో మా తాత అక్కడి చీనా వీధిలో ఒక బియ్యం వర్తకుడి దగ్గర బస్తాలు మోశాడు. కింద కొట్టు, మేడ మీద కాపురం, వీధంతా అలాగేనట. ఆ ఇంట్లో పిల్లల్ని పెద్దమ్మ సాకేది. తర్వాత సైనిక ప్రభుత్వం పొమ్మంటే మావాళ్లందరూ మూటాముల్లె సర్దుకుని వచ్చేసినా, వర్తకుడి తల్లిలేని మనవణ్ణి వదల్లేక తను ఉండిపోయింది. పెళ్లి కూడా వద్దంది. తర్వాత ఒక్క కబురు లేదు. కూతురు బతికుందో లేదో తెలియక అమ్మమ్మ ఏ పండక్కీ కొత్తచీర ముట్టలేదు.

అమ్మ ఎంత బతిమాలినా అతను గుమ్మం దాటలేదు. ఎండలోనే నిలబడ్డాడు. నాకు ఒళ్లు మండింది. మా రేకుల ఇల్లు అంత తీసికట్టా? అమ్మేమో ఊపిరి తిప్పుకోకుండా బర్మా భాషలో ప్రశ్నలు వేస్తోంది, నోరు విప్పడానికి అతనికి సందిస్తేగా! చివరికి అతను జేబులోంచి ఒక మిఠాయి బిళ్ల, జానెడు ఎర్రదారం తీసి అమ్మ చేతిలో పెట్టాడు.

"మీ పెద్దమ్మ తీపి అంపిందిరా! మంచి కబురే!" అంటూ అమ్మ దేవుడి పటం దగ్గరికి పరుగెత్తబోయింది.

పెరట్లోంచి అప్పుడే వచ్చిన అమ్మమ్మ గుమ్మానికి అడ్డంగా నిలబడింది.

"అది లోనికి తేకు. ఆడి సొక్కా సెయ్యి సూడు."

చొక్కా చేతికి పిన్నీసుతో గుచ్చిన చిన్న గుడ్డముక్క ఉంది. చిరుగుకి వేసిన అతుకనుకున్నాను నేను.

"సావింటికొచ్చినోళ్లకి ఇత్తారే ఇవి. ఇంటికి పట్టుకెల్లకూడదు, తీపి దారిలోనే తినీయాల. మైలలో ఉన్నోడు ఒకరింట్లో అడుగెట్టడు. ఆ గుడ్డ పోయినోళ్ల బిడ్డలే పెట్టుకుంటారు. ఆ సీనా ఈదిలో నాను సూడనివేటి?"

అమ్మమ్మ అతన్ని బర్మా భాషలో నెమ్మదిగా ఏదో అడిగింది. అతను పెద్దమ్మ పేరు చెప్పి, "అమే" అన్నాడు. బర్మా మాటల్లో నాకు తెలిసింది అదొక్కటే. అంటే అమ్మ.

అమ్మ అక్కడే కూలబడి గొల్లుమంది. అమ్మమ్మ ఏడవలేదు. ఆ గుడ్డముక్కని వేలితో తడిమింది. పెద్దమ్మ సాకిన ఆ పిల్లాడే ఆమెకి కొడుకయ్యాడని అప్పుడు అర్థమై నాకు దుఃఖం ఆగలేదు. అతను తల వంచి వెనక్కి తిరిగాడు. అమ్మమ్మ గబుక్కున అతని చెయ్యి పట్టుకుంది.

"ఎక్కడికెల్తన్నావు? నీకు మైలైతే మాకూ మైలే. ఇంకేటి అడ్డు? లోనికి రా మనవడా."

ఆ మాటలు అర్థమయ్యాయో లేదో గానీ, అతను వంగి బూట్లు విప్పుకున్నాడు.